డాలర్‌కు పేరిచ్చిన లోయ: చెక్ కొండల్లో యాఖిమోవ్ ఐదు వందల ఏళ్ళు

అమెరికాలో పిల్లలున్న తెలుగు ఇళ్ళలో డాలర్ రేటు బియ్యం ధరలా నోటికొచ్చి ఉంటుంది. ఆ మాట ఎక్కడిదని అడిగితే మాత్రం అమెరికాదనో ఇంగ్లండ్‌దనో జవాబొస్తుంది. అసలు సంగతేమిటంటే అది జర్మన్ భాషలో లోయ అని అర్థమున్న ‘థాల్’ నుంచి పుట్టింది. ఆ లోయ ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో, జర్మనీ సరిహద్దును ఆనుకున్న కొండల్లో ఉంది. అక్కడి ఊరి పేరు యాఖిమోవ్. జనాభా సుమారు 2,300. మన దగ్గర ఓ మాదిరి గ్రామ పంచాయతీలో అంతకంటే ఎక్కువమంది ఉంటారు.

ఈ ఊరి గురించి చదవడం మొదలుపెడితే ఒకదానితో ఒకటి పొసగని మాటలు కనిపిస్తాయి. డాలర్ పుట్టిల్లు అని ఒకరంటారు. మేరీ క్యూరీకి రేడియం దొరికింది ఇక్కడి రాతిలోనే అని ఇంకొకరంటారు. చెక్ పెద్దవాళ్ళను అడిగితే ఆ పేరు వినగానే ఖైదీల శిబిరాలు గుర్తొస్తాయి. ఇవాళ్టి ప్రయాణికులకేమో అది కీళ్ళ నొప్పులకు వైద్యం చేసే స్నానాల ఊరు. నాలుగూ నిజమే. నాలుగూ ఒకే ఊళ్ళో ఎలా జరిగాయో తెలియాలంటే నేల కింద ఏముందో ముందు చూడాలి.

క్లుప్తంగా

యాఖిమోవ్ కింది రాతిలో వెండి, కోబాల్ట్, బిస్మత్, నికెల్, యురేనియం పక్కపక్కనే ఉన్నాయి. 16వ శతాబ్దంలో వెండి తీసుకుని యురేనియం రాయిని పక్కన పడేశారు. 19వ శతాబ్దంలో ఆ పడేసిన రాయి నుంచి గాజు రంగులు తీశారు. రంగులు తీశాక మిగిలిన పిప్పి నుంచి రేడియం వచ్చింది. 20వ శతాబ్దం మధ్యలో యురేనియం కోసం ఖైదీలను గనుల్లోకి దించారు. ఇప్పుడు గని అడుగున ఊరే నీళ్ళే ఊరికి ఆధారం. ఏది సరుకో, ఏది చెత్తో తేల్చింది దాదాపు ప్రతిసారీ ఊరి బయటివాళ్ళే.

ఒకవైపు వాలు, ఒకవైపు గోడ

ఈ కొండలను చెక్ భాషలో క్రుష్నే హోరి అంటారు, జర్మన్‌లో ఎర్జ్‌గెబిర్గె. జర్మన్ పేరుకు ఖనిజాల కొండలని అర్థం. చెక్ పేరు కూడా ఖనిజాన్ని చెప్పే పాత మాట నుంచే వచ్చింది. ఇప్పటి చెక్‌లో మాత్రం ‘క్రుష్నీ’ అంటే కష్టమైనది, కఠినమైనది. అక్కడ బతికినవాళ్ళకు రెండు అర్థాలూ తెలిసినవే.

ఈ కొండల ఆకారం తెలిస్తే చరిత్ర సగం అర్థమవుతుంది. ఒక పెద్ద బల్లచెక్కను ఒక అంచు పట్టుకుని పైకి లేపితే ఎలా ఉంటుందో ఇవి అలా ఉంటాయి. జర్మనీలోని సాక్సనీ వైపు నేల మెల్లగా, పదుల కిలోమీటర్ల పొడవునా దిగుతుంది. చెక్ వైపు గోడలా పడిపోతుంది. భూమి పైపొర పొడవునా చీలి, ఒక పక్క పైకి లేచి, పక్కది కుంగడం వల్ల ఈ ఆకారం వచ్చింది. కుంగిన భాగంలో ఓహ్రె నది పారుతోంది. వేడినీటి బుగ్గలకు పేరుపొందిన కార్లోవి వారి పట్టణం ఆ లోయలోనే, యాఖిమోవ్‌కు దక్షిణంగా 20 కిలోమీటర్ల దూరంలో ఉంది.

కొండ పాదం దగ్గరున్న ఆస్ట్రోవ్ పట్టణం సుమారు 400 మీటర్ల ఎత్తులో ఉంటే, ఈ కొండల్లోకెల్లా ఎత్తైన క్లీనొవెత్స్ శిఖరం 1,244 మీటర్లు. రెంటికీ మధ్య ఇరుకైన వాగు లోయలో యాఖిమోవ్ ఇరుక్కుని ఉంది. ఊరు చుట్టూ విస్తరించడానికి చోటు లేదు. ఇళ్ళన్నీ ఒకే పొడవాటి ఎక్కుడు వీధికి రెండు పక్కలా పైకి పాకినట్టుంటాయి. ఆ దారినే పైకి వెళ్తే 1,028 మీటర్ల ఎత్తున బోజీ దార్ వస్తుంది. ఆ పేరుకు దేవుడి కానుక అని అర్థం. చెక్ దేశంలో అంతకంటే ఎత్తులో ఇంకో పట్టణం లేదు.

ఈ వాలు వల్ల ఏం జరిగిందంటే, ఊరు బొహీమియా రాజ్యంలో (ఇప్పటి చెక్ దేశంలో ఎక్కువ భాగం అదే) ఉన్నా దాని రాకపోకలు ఎక్కువగా సాక్సనీతో సాగాయి. గని పని తెలిసినవాళ్ళు, పెట్టుబడి పెట్టేవాళ్ళు, వాళ్ళతోపాటు జర్మన్ భాష, తర్వాత లూథర్ ప్రొటెస్టెంట్ మతబోధ, అన్నీ ఆ మెల్లని వాలు మీదుగానే వచ్చాయి. ప్రాగ్ నగరం పాలించింది, సాక్సనీ నడిపించింది అనుకోవచ్చు. ఈ రెండు లాగుళ్ళ మధ్య ఊరు చాలాకాలం నలిగింది.

ఇక నేల సంగతి. ఇక్కడ పంట పెద్దగా పండదు, చలికాలం పొడవు, తిండిగింజలు కింది నుంచి రావాల్సిందే. గని లేకపోతే ఇంత జనం ఇక్కడ చేరడానికి కారణమే లేదు. రాతి పగుళ్ళలోకి ఒకప్పుడు వేడినీళ్ళు ఎక్కి, వాటిలో కరిగిన లోహాలు గడ్డకట్టి సిరల్లా మిగిలిపోయాయి. అవి రెండు దిక్కుల్లో సాగుతాయి. తూర్పు పడమరల సిరలను గనివాళ్ళు ఉదయపు సిరలన్నారు, ఉత్తర దక్షిణాల వాటిని అర్ధరాత్రి సిరలన్నారు. పాత వాడుకలో అర్ధరాత్రి అంటే ఉత్తర దిక్కు. ఖనిజం దట్టంగా దొరికింది ఎక్కువగా అర్ధరాత్రి సిరల్లోనే.

ఊరి కంటే ముందు వెండి

1512లో ఇక్కడ వెండి జాడ బయటపడింది. అప్పటికి కొన్రాడ్స్‌గ్రూన్ అనే పాడుపడ్డ పల్లె తప్ప ఈ లోయలో ఏమీ లేదు. 1516లో స్టెఫాన్ ష్లిక్ అనే జమీందారు ఊరు కట్టించాడు. మొదట దాన్ని ఊరికే ‘థాల్’ అనేవారు, లోయ అని. ఆ తర్వాత జాంక్ట్ యోఆఖిమ్స్‌థాల్ అయింది, అంటే సెయింట్ యోఆఖిం లోయ. క్రైస్తవ సంప్రదాయంలో యోఆఖిం ఏసుకు తాత, మరియ తండ్రి. కొండకు అవతల సాక్సనీలో అన్నాబెర్గ్ ఉంది. అన్న మరియ తల్లి. ఇంకో గని పట్టణం పేరు మరీన్‌బెర్గ్, అది మరియ పేరే. వెండి దొరికిన చోటల్లా ఆ కుటుంబంలో ఒకరి పేరు పెట్టుకుంటూ పోయారన్నమాట.

1520లో రాజు దీనికి స్వేచ్ఛా గని పట్టణం హోదా ఇచ్చాడు. 1530లలో జనాభా 18,000 దాకా చేరింది. బొహీమియాలో ప్రాగ్ తర్వాత పెద్ద ఊరు ఇదే. పాతికేళ్ళు కూడా నిండని ఊరు.

డబ్బు ఎలా సమకూరిందో చెప్పుకోవాలి, ఎందుకంటే దాని నడక ఇవాళ్టి షేర్ మార్కెట్‌కు దగ్గరగా ఉంటుంది. ఒక్కో గనిని 128 వాటాలుగా విడగొట్టి అమ్మేవారు. ఆ వాటాను ‘కుక్స్’ అనేవారు. లైప్‌జిగ్‌లోనో న్యూరెంబర్గ్‌లోనో కూర్చున్న వర్తకుడు గని మొహం చూడకుండానే వాటా కొనొచ్చు. వెండి పడితే లాభం పంచుతారు. పడకపోతే ఖర్చులకు ఇంకా డబ్బు కట్టమని అడుగుతారు, కట్టకపోతే వాటా పోతుంది. లోతుకు వెళ్ళే కొద్దీ నీళ్ళు తోడే ఖర్చు పెరుగుతుంది కాబట్టి ఈ రెండో రకం పిలుపులు పెరిగాయి. పెట్టుబడి బయటిది, నిర్ణయం బయటిది, దిగేది మాత్రం ఇక్కడి కూలీ. 1525లో కార్మికులు తిరగబడ్డారు.

థాలర్ డాలర్ ఎలా అయింది

అప్పటి యూరప్‌లో పెద్ద బేరాలకు బంగారు నాణేలు, చిల్లరకు చిన్న వెండి నాణేలు వాడేవారు. బంగారం కొరతగా ఉండేది. ఒక బంగారు గుల్డెన్‌కు సరితూగేంత వెండిని ఒకే నాణెంగా పోస్తే బాగుంటుందన్న ఆలోచన యాఖిమోవ్‌లో పుట్టలేదు. 1486లోనే ఆల్ప్స్ కొండల్లోని టిరోల్‌లో అలాంటి నాణెం వేశారు. ఈ తేడాను చాలామంది వదిలేస్తారు. యాఖిమోవ్ చేసింది ఆ నాణేన్ని కనిపెట్టడం కాదు, కుప్పలుగా పోయడం. 1519, 1520 ప్రాంతంలో ష్లిక్ టంకశాల మొదలైంది, బొహీమియా సభ 1520 జనవరిలో దానికి అనుమతి ముద్ర వేసింది.

ఆ నాణెం బరువు సుమారు 29 గ్రాములు. ఈస్టిండియా కంపెనీ నాటి వెండి రూపాయి తులం బరువు, అంటే 11.66 గ్రాములు ఉండేది. అలాంటివి రెండున్నర కలిపితే ఈ ఒక్క నాణెం. ఒక వైపు నిలబడ్డ యోఆఖిం, ఆయన పాదాల దగ్గర ష్లిక్ వంశ చిహ్నం. ఇంకో వైపు రెండు తోకలున్న బొహీమియా సింహం, చుట్టూ లుడ్విక్ రాజు పేరు. అరచేతిలో పెట్టుకుంటే బరువు తెలిసే నాణెం. తూకం నిలకడగా ఉండటంతో, పైగా ఎక్కడ చూసినా అదే కనిపించడంతో జనం పూర్తి పేరు పలకడం మానేసి ‘థాలర్’ అనేశారు. లోయది అని అర్థం.

తర్వాత వేరే రాజ్యాలు తమ పెద్ద వెండి నాణేలకు అదే పేరు పెట్టుకున్నాయి. డచ్చివాళ్ళు దాల్డర్ అన్నారు, స్కాండినేవియాలో దాలర్ అయింది. ఇంగ్లీషువాళ్ళ నోట డాలర్ అయి, మెక్సికో, పెరూ వెండితో స్పెయిన్ వేసిన ఎనిమిది రియాళ్ళ నాణేనికి ఆ పేరు అతుక్కుంది. అమెరికా కాలనీల్లో చలామణీలో ఉన్నది ఎక్కువగా ఆ స్పానిష్ డాలరే. స్వాతంత్ర్యం వచ్చాక 1792 చట్టంతో అమెరికా అదే పేరును తన నాణేనికి ఖాయం చేసుకుంది. కాబట్టి అమెరికా డాలర్ యాఖిమోవ్ నాణేనికి నేరుగా బిడ్డ కాదు. పేరు వరకే ఇక్కడిది, ఆ పేరు నాలుగు భాషలు, రెండు ఖండాలు దాటి వెళ్ళింది. స్లొవేనియా 2007లో యూరోకు మారేదాకా వాడిన తొలార్ కూడా ఆ వంశానిదే.

నాణెం లోకమంతా తిరిగినా ఆ టంకశాల ష్లిక్ వంశానికి ఎంతోకాలం దక్కలేదు. 1526లో మొహాచ్ యుద్ధంలో తురుష్కుల చేతిలో లుడ్విక్ రాజూ, స్టెఫాన్ ష్లిక్కూ ఇద్దరూ పోయారు. కొత్తగా వచ్చిన ఫెర్డినాండ్ 1528లో టంకశాలను రాజ్యం కిందికి తెచ్చేసుకున్నాడు. 1530లలో కట్టిన ఆ రాజ టంకశాల భవనం ఇప్పటికీ ఉంది, అందులో మ్యూజియం నడుస్తోంది.

దిగజారిన తీరు

పై పొరల్లోని వెండి ముందు అయిపోయింది. లోతుకెళ్తే నీళ్ళు. నీళ్ళు తోడటానికి చక్రాలు, గుర్రాలు, వాటికి కలప. చుట్టూ అడవి గని దుంగలకూ, వెండి కరిగించే బొగ్గుకూ కరిగిపోయింది. ఖర్చు ఇలా పెరుగుతుండగా 1545లో దక్షిణ అమెరికాలోని పొతోసీలో వెండి కొండ బయటపడింది. స్పెయిన్ ఓడల్లో వచ్చిపడిన ఆ వెండితో యూరప్ మార్కెట్‌లో ధర దిగింది. ఖరీదుగా తీసిన వెండికి చవక ధర వస్తే ఏ గనైనా ఎన్నాళ్ళు నిలుస్తుంది? వాటాదార్లు ఒక్కొక్కరే తప్పుకున్నారు.

దాని వెంటే మతం గొడవ. 1620 తర్వాత ఫెర్డినాండ్ వంశమైన హాబ్స్‌బర్గ్ పాలకులు ప్రొటెస్టెంట్లను కాథలిక్కులుగా మారమని, లేదంటే వెళ్ళిపొమ్మని ఒత్తిడి పెట్టారు. పని తెలిసిన కుటుంబాలు కొండ దాటి సాక్సనీకి వెళ్ళిపోయాయి. పొరుగున ఉన్న హోర్ని బ్లాత్నా వాళ్ళు అలా వెళ్ళి 1654లో సరిహద్దుకు అవతల యోహాన్‌గెఓర్గెన్‌స్టాట్ అనే ఊరే కట్టుకున్నారు. 1671లో యాఖిమోవ్ టంకశాల మూతపడింది. మిగిలిన కొండ జనం లేసు అల్లికల్లాంటి ఇంటి పనులతో కాలం వెళ్ళదీశారు. 1873లో పెద్ద అగ్నిప్రమాదం ఊళ్ళో చాలా భాగాన్ని కాల్చేసింది.

శని రాయి

వెండి సిరను తవ్వుతూ పోతే ఒక్కోచోట నల్లగా, తారులా మెరిసే బరువైన రాయి అడ్డు వచ్చేది. అది కనిపించిందంటే అక్కడితో వెండి అయిపోయినట్టే. జర్మన్‌లో ‘పెఖ్’ అంటే తారు, దురదృష్టం కూడా. ఆ రాయికి పెఖ్‌బ్లెండె అనే పేరు నిలిచింది. మన మాటలో చెప్పాలంటే శని రాయి. ఇంగ్లీషులో పిచ్‌బ్లెండ్.

ఈ కొండల గనివాళ్ళు తమను విసిగించిన రాళ్ళకు దయ్యాల పేర్లు పెట్టేవారు. కోబాల్ట్ అనే లోహం పేరు ‘కోబొల్డ్’ అనే గని పిశాచం నుంచి వచ్చింది. రాగిలా కనిపించి రాగి ఇవ్వని ఖనిజాన్ని దయ్యపు రాగి అన్నారు, నికెల్ అనే మాట అందులోదే. లోహశాస్త్రంలో ఇవాళ మామూలైపోయిన ఈ పేర్ల వెనక గని కూలీ విసుగు, భయం ఉన్నాయి. కోబాల్ట్‌కు తర్వాత నీలం రంగుగా మంచి గిరాకీ వచ్చింది.

1789లో బెర్లిన్‌లో క్లాప్రోత్ అనే రసాయనవేత్త పిచ్‌బ్లెండ్‌లో ఇదివరకు తెలియని మూలకం ఉందని తేల్చాడు. ఎనిమిదేళ్ళ ముందు కనుక్కున్న యురేనస్ గ్రహం పేరు మీద దానికి యురేనియం అని పేరు పెట్టాడు. దాన్ని దేనికి వాడాలో అప్పటికి ఎవరికీ తెలియదు. గాజులో కలిపితే పసుపు, ఆకుపచ్చ కలిసిన ఒక వింత మెరుపు వస్తుందని తర్వాత తెలిసింది. 1850లలో యాఖిమోవ్‌లో ప్రభుత్వం యురేనియం రంగుల ఫ్యాక్టరీ పెట్టింది. యురేనియం తీసేసిన పిప్పిని పక్కనున్న పైన్ చెట్ల అడవిలో పోసేవారు.

పారిస్‌లో మేరీ క్యూరీ లెక్క అక్కడే మొదలైంది. పిచ్‌బ్లెండ్‌లో ఎంత యురేనియం ఉందో దానికి తగ్గ కిరణాలు రావాలి. వస్తున్నవి అంతకంటే చాలా ఎక్కువ. అంటే యురేనియం కాక ఇంకేదో అందులో ఉంది. అలాగైతే ఖరీదైన ముడి ఖనిజం కొనక్కర్లేదు, యురేనియం తీసేసిన పిప్పిలోనూ అది ఉండి తీరాలి. వియన్నా సైన్స్ అకాడమీ మాట సాయంతో, అప్పట్లో ఈ ఊరిని ఏలుతున్న ఆస్ట్రియా ప్రభుత్వం ఆ పిప్పిని ఇచ్చింది. గోనె సంచులు విప్పితే గోధుమరంగు పొడి, అందులో పైన్ ఆకుల సూదులు. అడవిలో పోసిన కుప్పను అలాగే ఎత్తి పంపారు మరి. 1898లో పొలోనియం, రేడియం ఉన్నాయని క్యూరీ దంపతులు ప్రకటించారు. ఆ తర్వాత టన్నుల కొద్దీ పిప్పిని మరిగించి, వడగట్టి, 1902 నాటికి తీయగలిగిన రేడియం క్లోరైడ్ ఒక గ్రాములో పదో వంతు.

కొన్నేళ్ళపాటు ప్రపంచానికి రేడియం ఇచ్చే ప్రధాన వనరు ఈ చిన్న ఊరే. తర్వాత మళ్ళీ పాత కథే నడిచింది. ముందు అమెరికాలోని కొలరాడో ఖనిజం, 1920లలో బెల్జియన్ కాంగో ఖనిజం మార్కెట్‌లోకి వచ్చాయి. కాంగో ఖనిజంలో యురేనియం శాతం చాలా ఎక్కువ. ఇక్కడి వెండికి పొతోసీ ఏం చేసిందో ఇక్కడి రేడియానికి కాంగో అదే చేసింది. గని ఒక్కటే ఆధారమైన ఊరికి ఇది తప్పని బలహీనత. దాని ధర ఎక్కడో తెలియని కొండ మీద తేలుతుంది.

ఊపిరి

1527లో యాఖిమోవ్‌కు ఊరి వైద్యుడిగా వచ్చిన గెఓర్గియస్ అగ్రికోలా కొన్నేళ్ళు ఇక్కడే ఉండి గనులను దగ్గరగా చూశాడు. ఆయన చనిపోయిన మరుసటి ఏడు, 1556లో, ఆయన రాసిన గనుల గ్రంథం అచ్చయింది. దుమ్ము ఊపిరితిత్తులను తినేస్తుందని అందులో రాశాడు. కార్పేతియన్ కొండల గనుల దగ్గర ఏడుగురు భర్తలను పోగొట్టుకున్న ఆడవాళ్ళు ఉన్నారని కూడా రాశాడు.

ఆ జబ్బులో అధికభాగం క్యాన్సర్ అని తేలింది 1879లో, సాక్సనీలోని ష్నేబెర్గ్ గనివాళ్ళను పరీక్షించినప్పుడు. యాఖిమోవ్ కార్మికుల విషయంలో అది 1930 ప్రాంతంలో రుజువైంది. కారణం రేడాన్. యురేనియం మెల్లగా విడిపోతూ రేడియం అవుతుంది, రేడియం విడిపోతే రేడాన్ అనే వాయువు వస్తుంది. రంగు, వాసన ఉండవు. గాలి ఆడని సొరంగంలో అది పేరుకుంటుంది. పీల్చిన రేడాన్ చాలావరకు బయటికి వచ్చేస్తుంది. ప్రమాదం దాని తర్వాత పుట్టే ఘన పదార్థాలతో. అవి దుమ్ముకు అంటుకుని ఊపిరితిత్తుల్లో కూర్చుని, అక్కడే కిరణాలు వదులుతాయి. దుమ్ము, రేడాన్ రెండూ ఉన్న గని అందుకే అంత ప్రాణాంతకం.

ఇళ్ళనూ అది వదల్లేదు. ఫ్యాక్టరీ పిప్పి సన్నని ఇసుకలా ఉండేది, ఊరికే దొరికేది. జనం దాన్ని గోడల గచ్చులో, పూతలో కలిపి వాడారు. ఏళ్ళ తర్వాత కొలిచి చూస్తే కొన్ని ఇళ్ళలో రేడాన్ మోతాదు గనితో పోల్చదగ్గంత ఉంది. గచ్చు చెక్కేయడం, నేల కింద గాలి లాగే ఏర్పాట్లు చేయడం లాంటి పనులు 20వ శతాబ్దం చివర్లో గానీ గట్టిగా జరగలేదు. కడప జిల్లా తుమ్మలపల్లె వల్ల తెలుగువాళ్ళకు యురేనియం గని అనే మాట కొత్త కాదు. అక్కడి ఖనిజం వేరు, అందులో యురేనియం శాతం చాలా తక్కువ. కానీ లోహం తీసేశాక మిగిలే దాన్ని ఎక్కడ పెట్టాలి, ఎన్ని తరాలు కాపలా కాయాలి అన్న ప్రశ్న రెండు చోట్లా ఒకటే. రేడియంలో సగం విడిపోవడానికే 1,600 ఏళ్ళు పడుతుంది.

ముళ్ళకంచె ఏళ్ళు

1938 మ్యూనిక్ ఒప్పందంతో చెకొస్లొవాకియాలో జర్మన్ మాట్లాడే సరిహద్దు ప్రాంతాలన్నీ హిట్లర్ చేతికి వెళ్ళాయి, యాఖిమోవ్ కూడా. 1945లో యుద్ధం ముగిశాక చెకొస్లొవాకియా తన జర్మన్ జనాభాను దేశం నుంచి పంపేసింది. నాలుగు వందల ఏళ్ళుగా ఇక్కడ గని పని చేస్తూ వచ్చిన కుటుంబాలు మూటాముల్లెలతో వెళ్ళిపోయాయి. అదే ఏడు నవంబర్‌లో సోవియట్ యూనియన్‌తో యురేనియం ఒప్పందం కుదిరింది. హిరోషిమా తర్వాత మాస్కోకు యురేనియం అర్జెంటు. చేతికందే దూరంలో తెలిసిన గనులు ఇవి. గనులున్నాయి, మనుషుల్లేరు.

ఆ ఖాళీని మొదట జర్మన్ యుద్ధఖైదీలతో నింపారు. 1948 ఫిబ్రవరిలో కమ్యూనిస్టులు అధికారం తీసుకున్నాక రాజకీయ ఖైదీలు వచ్చారు. రైతులు, పూజారులు, విద్యార్థులు, మాజీ సైనికాధికారులు. 1949లో ప్రపంచ ఛాంపియన్‌షిప్ గెలిచిన ఐస్ హాకీ జట్టు ఆటగాళ్ళను 1950 మార్చిలో అరెస్టు చేసి, వాళ్ళలో కొందరిని ఈ యురేనియం గనులకు పంపారు. స్వొర్నొస్త్, రొవ్‌నొస్త్, బ్రాత్ర్‌స్త్వి అనేవి మూడు గనుల పేర్లు, పక్కనే వాటి పేరుతోనే శిబిరాలు. ఆ మాటలకు అర్థాలు ఐక్యత, సమానత్వం, సోదరభావం.

నికొలాయ్ శిబిరంలో ఖైదీలను షిఫ్టుకు తీసుకెళ్ళే పద్ధతి ఇది. వాళ్ళను దగ్గర దగ్గరగా వరసల్లో నిలబెట్టి, మొత్తం గుంపు చుట్టూ ఉక్కు తాడు చుట్టి తాళం వేసేవారు. మంచులో ఒకరు జారితే చుట్టూ ఉన్నవాళ్ళు కూడా తూలిపోతారు. ఖైదీలు దానికి యాఖిమోవ్ బస్సు అని పేరు పెట్టుకున్నారు. ఆస్ట్రోవ్ పక్కన విక్‌మనొవ్‌లో ఏడంతస్తుల ఎర్ర ఇటుకల భవనంలో ఖనిజాన్ని నలిపి, పీపాల్లో నింపి రైళ్ళలో సోవియట్ యూనియన్‌కు పంపేవారు. రేడియోధార్మిక దుమ్ములో మాస్కు కూడా లేకుండా ఖైదీలు పని చేసిన చోటు అది. దాన్ని ఎర్ర మృత్యుగోపురం అంటారు.

సోవియట్ యూనియన్ మొదటి అణుబాంబును 1949 ఆగస్టు 29న పరీక్షించింది. చెక్ గనుల ఖనిజం ఆ కార్యక్రమానికి ఎంత అవసరమో ఆ తేదీని, శిబిరాలు పెరిగిన ఏళ్ళను పక్కపక్కన పెడితే అర్థమవుతుంది. శిబిరాలు 1961 వరకు నడిచాయి. 1960ల మధ్యకు ఇక్కడ యురేనియం తవ్వకమే ఆగిపోయింది, సిరలు ఖాళీ అయ్యాయి. కింద గని ఖాళీ, పైన ఊరు ఖాళీ. తరాలుగా ఉన్నవాళ్ళు పోయారు. కొత్తగా తెచ్చినవాళ్ళు పని అయిపోగానే వెళ్ళిపోయారు. 18,000 అనే సంఖ్య 2,300కి దిగడం వెనక వెండి తరిగిపోవడం ఒక్కటే లేదు, ఈ రెండు ఖాళీలూ ఉన్నాయి.

నీళ్ళు

1864లో స్వొర్నొస్త్ గని పన్నెండో అంతస్తులో, సుమారు 500 మీటర్ల లోతున, కార్మికుల తవ్వుకోల కింద వెచ్చని బుగ్గ పగిలింది. గని మునిగింది. అప్పట్లో అది పెద్ద నష్టం. రేడియం సంగతి తెలిశాక ఆ నీటిలో రేడాన్ కరిగి ఉందని కొలిచారు. 1906లో ఊళ్ళో ఆ నీటితో స్నానాలు మొదలయ్యాయి. 1912లో రేడియం ప్యాలెస్ అనే పెద్ద హోటల్ తెరుచుకుంది. మేరీ క్యూరీ స్వయంగా 1925లో ఈ ఊరు చూడటానికి వచ్చారు.

చదివేవాళ్ళకు ఎక్కువ అయోమయం కలిగేది ఇక్కడే. గనివాళ్ళను చంపిన రేడాన్‌తో వైద్యమేమిటి? ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకారం ఊపిరితిత్తుల క్యాన్సర్‌కు పొగాకు తర్వాత ముఖ్య కారణాల్లో రేడాన్ ఒకటి. తేడా మోతాదులో, దారిలో, సమయంలో ఉందని స్పా వైద్యులు చెబుతారు. గని కార్మికుడు ఏళ్ళ తరబడి రోజుకు ఎనిమిది గంటలు దుమ్ముతోపాటు పీల్చాడు. స్నానానికి వచ్చినవాళ్ళు సుమారు 20 నిమిషాలు నీళ్ళలో ఉంటారు. చర్మం గుండా ఒంట్లో చేరిన కొద్దిపాటి రేడాన్ కొన్ని గంటల్లో ఊపిరితో బయటికి పోతుంది. ఆ స్వల్ప మోతాదు వాపును, నొప్పిని తగ్గించేలా శరీరాన్ని పురికొల్పుతుందని వాళ్ళ వాదన. కీళ్ళు, వెన్నెముక జబ్బులున్నవాళ్ళు ఎక్కువగా వస్తారు. గర్భిణులకు, పిల్లలకు ఈ చికిత్స ఇవ్వరు. రేడియేషన్ ఎంత తక్కువైనా దానికి తగ్గ ప్రమాదం ఉంటుందని లెక్కకట్టే శాస్త్రవేత్తలు దీన్ని ఒప్పుకోరు. నొప్పి తగ్గుతుందనే ఆధారాలు కొన్ని ఉన్నాయి, తగ్గడం వెనక ప్రక్రియ మీద వాదన నడుస్తూనే ఉంది. మధ్య యూరప్‌లో ఇది వైద్య వ్యవస్థలో భాగమైతే, చాలా దేశాల్లో అసలు లేదు. రెండు వైపులా చెప్పేవాళ్ళు చదువుకున్న వైద్యులే.

స్వొర్నొస్త్ 1518 నాటి గని. ఇప్పటికీ రోజూ అందులోకి మనుషులు దిగుతారు, ఖనిజం కోసం కాదు, నీళ్ళ కోసం. పంపులు, గొట్టాలు, సొరంగాల దుంగలు చూసుకోవడమే వాళ్ళ పని. బుగ్గల్లో ఒకదానికి క్యూరీ పేరు, ఒకదానికి అగ్రికోలా పేరు పెట్టారు. శిఖరం మీద స్కీయింగ్ పెరిగింది. 2019లో యునెస్కో ఈ కొండల గని ప్రాంతాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. 22 చోట్లలో 17 జర్మనీవి, 5 చెక్ దేశానివి. యాఖిమోవ్ గని ప్రాంతం ఆ ఐదులో ఒకటి, ఎర్ర మృత్యుగోపురం ఇంకొకటి.

వెండి నాణేలుగా పోయింది, రేడియం పిప్పి సంచుల్లో పారిస్ పోయింది, యురేనియం పీపాల్లో మాస్కో వైపు పోయింది. రేడాన్ సంగతి వేరు. 3.8 రోజుల్లో సగం విడిపోతుంది, నీటిని కాస్త కుదిపినా గాలిలో కలిసిపోతుంది. సీసాల్లో నింపి అమ్మడం కుదరదు, దూరానికి మోయడం కుదరదు. అందుకే గని నుంచి ఆ నీళ్ళు గొట్టాల్లో నేరుగా కింది స్నానాల గదులకు వస్తాయి, కావలసినవాళ్ళే కొండెక్కి ఊళ్ళోకి రావాలి.